పెత్రమాస నాడు చెప్పని పేరు

మా నాన్న చనిపోయాడని చెప్పించుకోవడానికి మేము కోర్టుకు వెళ్లాం. ఇట్లా అంటే వినేవాళ్లు ఒక్క క్షణం ఆగి నా మొహం చూస్తారు. చూడనివ్వండి. జనం పొలం గెట్టు తగాదాకు కోర్టుకు వెళ్తారు, పంపకాలకు వెళ్తారు, విడాకులకు వెళ్తారు. మేము మాత్రం, ఈ మనిషి లేడని ఒక్క మాట అనండి, ఇంకేం వద్దు అని వెళ్లాం. తీరా చూస్తే ఆ మాట అనడానికి మా అమ్మే ఒప్పుకోలేదు. కేసు వేసిందీ ఆమే, ఆ మాట నా నోట రాదన్నదీ ఆమే. మధ్యలో నా తిప్పలు ఎట్లా ఉండి ఉంటాయో మీరే అనుకోండి.

నాన్న బొగ్గు గనిలో కార్మికుడు. నేను హైస్కూల్లో ఉన్నప్పుడు, ఒక ఆదివారం పొద్దున, కల్లూరు దిక్కు దోస్తు ఇంట్లో పెండ్లి ఉందని తెల్లచొక్కా వేసుకుని బస్సెక్కాడు. ఆ పెండ్లికి చేరలేదు. తిరిగి ఇంటికీ రాలేదు. అమ్మ పోలీస్ స్టేషన్‌లో ఫిర్యాదు ఇచ్చింది. చుట్టాల ఇళ్లు, ఖమ్మం దవాఖానాలు, మధిర స్టేషన్ ప్లాట్‌ఫారాలు, భద్రాచలంలో గోదావరి రేవులు, అన్నీ కాళ్లరిగేలా తిరిగాం. తాగి ఇల్లు మరిచే మనిషి కాదు, అప్పుల్లో మునిగి పారిపోయే మనిషి కాదు. ఎక్కడికి పోయాడో, ఏమయ్యాడో, ఈ రోజుకీ మాకు తెలియదు. చివరికి పోలీసులు జాడ దొరకలేదని రాసిచ్చారు.

కంపెనీ క్వార్టర్ పోయింది. కిరాయి ఇంట్లోకి మారాం. అమ్మ ఆడపిల్లల హాస్టల్లో వంటకు కుదిరింది. అన్నం వండే పెద్ద గంజులు దించీ ఎత్తీ ఆమె నడుము పోయింది. నేను డిగ్రీ పూర్తి చేసి, బట్టల షాపులో చీరలు మడతపెట్టే పనిలో ఉన్నాను. అప్పటికి నాన్న కనబడకుండా పోయి ఏడేళ్లు దాటింది.

అప్పుడు కంపెనీ ఆఫీసులో ఒక క్లర్కు మమ్మల్ని కూర్చోబెట్టి సంగతి చెప్పాడు. మంచి మనిషి.

"అమ్మా, డ్యూటీల ఉన్న మనిషి పోతే ఇంట్ల ఒకరికి ఉద్యోగం ఇచ్చే రూల్ ఉంది. కని మీ ఆయన పోయిండని ఎవరు చెప్పాలె? డాక్టర్ చెప్పలేడు, నేను చెప్పలేను. ఏడేండ్లు ఎవలకూ జాడ తెల్వకపోతే కోర్టుకు పోవచ్చు. కోర్టు చెప్తే మీ బిడ్డకు ఉద్యోగం వస్తది."

"ఆయన పోయిండని నేనెందుకు చెప్త సారూ" అని అమ్మ కుర్చీలోంచి లేచి బయటికి నడిచింది.

నా ఒళ్లు మండిపోయింది. దాచేదేముంది, ఆ ఉద్యోగం నాకు కావాలి. అమ్మ ఆ గంజుల దగ్గర్నుంచి ఇంటికి రావాలి. ఇంటికొచ్చాక గట్టిగానే అరిచాను. ఎన్నాళ్లు కాచుకుంటవు, వచ్చేటోడైతే ఇన్నేండ్లకు రాడా, నీ నడుము విరిగినంక వస్తడా అని నోటికొచ్చినట్టు అన్నాను. అమ్మ పొయ్యి దగ్గరికి పోయింది. చింతపండు పిసుకుతూ కూర్చుంది. చారు పొయ్యి మీద పెట్టాక అప్పుడు చెప్పింది.

"కోర్టుకొస్త. సంతకం పెడ్త. నీకు నౌకరి రావాలెనని నాకూ ఉన్నది. కని ఆయన సచ్చిపోయిండన్న మాట మాత్రం నా నోట రాదు. జడ్జిగారు అంటరా, అననియ్యి."

మాకు దొరికిన వకీలు బక్కపలుచటి మనిషి. చేతిలో చాయ్ గ్లాసు లేకపోతే ఆయనకు మాట రాదు. చాయ్ వచ్చాక ఆయన అమ్మకు చాలా ఓపికగా చెప్పాడు.

"చూడమ్మా, కోర్టు రెండు తీర్ల మాట్లాడ్తది. ఒకటి హుకుం. పైసలు కట్టు, ఇల్లు ఖాళీ చెయ్, గెట్టు దాటకు అంటది. ఇంకోటి డిక్లరేషన్. అది ఎవ్వలనూ ఏం చెయ్యమనదు. సంగతి గిది అని చెప్తది, గంతే. ఈ భూమి ఈయనది, ఈమె ఆయన బిడ్డ, గట్ల. మనం అడిగేది గసొంటిదే."

"అంటే ఒట్టి మాటేనా సారూ?"

"ఒట్టి మాటే. కని కోర్టు అన్న మాట. కంపెనోళ్లైనా, మున్సిపాలిటోళ్లైనా, దాన్ని కాదనేటోడు లేడు."

అమ్మ ఇంకా పెన్ను అందుకోలేదు. "మరి రేపు ఆయన వస్తే?"

వకీలు గ్లాసు కింద పెట్టాడు. "వస్తే కోర్టుకే వచ్చి నేనున్న అంటడు. ఆర్డర్ పక్కకు పోతది. నేనే ఫీజు లేకుంట వచ్చి తీసేపిస్త."

ఆ మాట మీద అమ్మ సంతకం పెట్టింది. పెట్టేముందు ఏం రాశారో చదివించుకుంది. ఏడేళ్లకు పైగా ఆయన ఉన్నట్టు ఎవరికీ తెలియదు కనుక మరణించినట్టు ప్రకటించాలని ఉంది. "తెల్వదన్నది నిజమే గద" అని, ఆ ముక్క వరకు తనదన్నట్టు, మెల్లగా పేరు రాసింది.

అసలు రచ్చ ఆ తర్వాత మొదలైంది. నాన్నకు తల్లి ఉంది. మా నానమ్మ, టేకులపల్లి దాటి అడవి అంచున చిన్న పల్లెలో ఉంటుంది. కొడుక్కి ఆమె కూడా వారసురాలు కాబట్టి కేసులో ఆమె పేరు ఉండి తీరాలట. మాతో కలిసి వేలిముద్ర వేయమని అడగడానికి వెళ్తే, చీపురు తీసుకుంది. దాంతో వకీలు ఆమెను అవతలి పక్షంలో, మొదటి ప్రతివాదైన కంపెనీ కింద, రెండో ప్రతివాదిగా రాశాడు. కోర్టు మనిషి మోటార్ సైకిల్ మీద ఆ పల్లెకు వెళ్లి సమన్లు ఇచ్చేసరికి నానమ్మ వాకిట్లో ఇప్పపువ్వు ఆరబోస్తోంది. చుట్టుపక్కల వాళ్లు ఊరుకుంటారా? నీ కోడలు నీ మీద కేసేసిందట ముసలమ్మా అని ఆటపట్టించారు. మర్నాడు మొదటి బస్సుకే మా ఇంటి ముందు దిగింది.

"ఏందే, ఇన్నేండ్లు నీకేం తక్కువ చేసిన్నే? నా మీదనే కేసేస్తవా?"

"అత్తా, ముందు మంచినీళ్లు తాగు" అంది అమ్మ.

నానమ్మ తాగలేదు. ఆమెను వకీలు దగ్గరికి తీసుకెళ్లక తప్పలేదు. ఆయన చాయ్ తెప్పించాడు. ఆమె అదీ తాగలేదు.

"అమ్మా, నువ్వు వీళ్ల దిక్కు ఏలిముద్ర ఏస్తె ఈ లొల్లే లేదు" అన్నాడు.

"నా కొడుకు సచ్చిండని నేను ఏలిముద్ర ఏస్తనా?"

"అందుకే అవతలి దిక్కు రాసిన."

నానమ్మ ఆ మాటను కాసేపు నమిలింది. "అయితే నేను కంపెనీ దిక్కున్ననా?"

"కాయిదం మీద అవ్."

"నా కొడుకు సావలేదని కంపెనీ గూడ అంటున్నదా?"

"చచ్చినట్టు రుజువు లేదంటున్నది."

"మంచిగన్నది" అని చాయ్ గ్లాసు అందుకుంది. ఇక కోర్టుకు రానని, మీరూ మీరూ చూసుకోండని, మా ఇంట్లో పప్పుతో కడుపునిండా తిని, సాయంత్రం బస్సుకు వెళ్లిపోయింది. కేసులో కోడలికి ఎదురు పక్షంలో ఉన్న మనిషి, వెళ్తూ వెళ్తూ అదే కోడలికి అల్లం వేసి కషాయం కాచుకోమని, నడుముకు నూనె రాసుకోమని చెప్పి మరీ వెళ్లింది.

తర్వాత వాయిదాలు. కోర్టు హాల్లో వెనక బెంచీ మీద కూర్చుని నేను చాలా కేసులు విన్నాను. ఒక గెట్టు కోసం అన్నదమ్ములు, ఒక షట్టర్ కోసం కిరాయిదారు, ఒక పెండ్లి కోసం ఇద్దరు ఆడవాళ్లు. జడ్జి మేడమ్ గొంతు పెంచేది కాదు. గెట్టు దాటి దున్నకు అనేది, ఖాళీ చెయ్యి అనేది. వినేవాళ్లు కొందరు తల ఊపేవాళ్లు, కొందరు బయటికెళ్లి తిట్టుకునేవాళ్లు. మా నంబర్ పిలిచినప్పుడు మాత్రం తిట్టుకోవడానికి ఎవరూ ఉండేవాళ్లు కాదు. మాకు ఎవరి మీదా కోపం లేదు. కంపెనీ వకీలు కూడా వరండాలో ఎదురైతే బాగున్నావా అమ్మా అని అడిగేవాడు. ఆయన పని ఆయనది, మా అవసరం మాది.

అమ్మ సాక్ష్యానికి ముందు పెత్రమాస, అంటే పెద్దల అమావాస్య, వచ్చింది. మా దిక్కు ఆ రోజు ఇంట్లో పోయినవాళ్ల పేరున బియ్యం, పప్పు, కూరగాయలు గుడి అయ్యగారికి ఇస్తారు. ఆయన పేర్లు అడిగి, ఒక్కొక్క పేరు చెప్పి మంత్రం చదువుతాడు. పొద్దున అది, సాయంత్రం బతుకమ్మ పండుగ మొదటి రోజు, ఎంగిలిపూల బతుకమ్మ. వకీలు నన్ను పక్కకు పిలిచి హెచ్చరించాడు.

"ఈసారి మీ నాయిన పేరున బియ్యం ఇప్పియ్యి బిడ్డా. అవతలి వకీలు గదే అడుగుతడు. నీ మొగుడు పోయిండంటవ్, మరి పెత్రమాసకు బియ్యం ఇచ్చినవా అని. కోర్టుకు వచ్చే రోజు బొట్టు గూడ జర చిన్నగ పెట్టుకోమను."

అమ్మకు చెప్పాను. విన్నది. సరే అనలేదు, కాదనలేదు. పొద్దున్నే తలస్నానం చేసి, బియ్యం, కందిపప్పు, బీరకాయలు, గుమ్మడికాయ ముక్క, చింతపండు అన్నీ సర్ది గుడికి బయల్దేరింది. బియ్యం ఎప్పటికంటే ఎక్కువే తీసుకుంది. హమ్మయ్య, ఒప్పుకుంది అనుకున్నాను.

గుడి దగ్గర వరుసలో మా వంతు వచ్చింది. అయ్యగారు పేర్లు అడిగాడు. అమ్మ తాతయ్య పేరు చెప్పింది, ముత్తాత పేరు చెప్పింది. నాన్న చేయవలసిన పని అది. ఆయన వచ్చేదాకా ఆయన బదులు ఏటా తనే చేస్తోంది.

"ఇంకెవరమ్మా?"

నేను అమ్మ మోచెయ్యి గిల్లాను. గట్టిగానే గిల్లాను.

"ఎవల్లేరు" అంది అమ్మ.

"అమ్మా!"

"ఎవల్లేరయ్యగారూ, కానియ్యుర్రి."

నాకు ఏడుపొచ్చింది, కోపంతో. దారి పొడుగునా ఆమెతో మాట్లాడలేదు. ఆ సాయంత్రం వాడకట్టు ఆడవాళ్లంతా బతుకమ్మ ఆడుతుంటే నేను గడపలోనే కూర్చున్నాను. ఉద్యోగం నా చేతిలోంచి జారిపోయిందనే అనుకున్నాను.

సాక్ష్యం రోజు అమ్మ ఉతికిన నీలం చీర కట్టుకుంది. బొట్టు ఎప్పటిలాగే రూపాయి బిళ్లంత పెట్టుకుంది. వకీలు చూసి నెత్తి కొట్టుకున్నాడు. ఆమె బోనులో నిలబడి, నిజం చెప్తానని ప్రమాణం చేసింది. కంపెనీ వకీలు లేచాడు. పెద్దమనిషి, మెల్లగా అడిగాడు.

"అమ్మా, మెడలో పుస్తెలున్నయి గదా?"

"ఉన్నయి సారు."

"కాళ్లకు మట్టెలున్నయా?"

"ఉన్నయి."

"మొన్న పెత్రమాసకు మీ ఆయన పేరున బియ్యం ఇచ్చిర్రా?"

"ఇయ్యలె."

"ఎందుకియ్యలే?"

"పోయినోళ్లకు గద సారు ఇచ్చేది."

హాల్లో ఎవరో కిసుక్కున నవ్వారు. మా వకీలు కళ్లు మూసుకున్నాడు. కంపెనీ వకీలు మరీ మెత్తగా అన్నాడు, "అంటే మీ భర్త బతికే ఉన్నాడని మీ నమ్మకం. అంతేగా అమ్మా?"

"అవ్ సారు. నమ్ముతున్న."

అయిపోయింది అనుకున్నాను.  కంపెనీ వకీలు ఇక అడిగేదేమీ లేదని కూర్చున్నాడు. టైపిస్టు అమ్మ మాటను టకటక కొట్టేశాడు. అమ్మ బోను దిగబోతుంటే జడ్జి మేడమ్ ఆగమంది.

"నమ్ముతున్నాను అంటున్నారు. మరి ఆయన కోసం ఏం చేశారు?"

అమ్మ కొంచెం బెదిరింది. తర్వాత ఇంట్లో మాట్లాడినట్టే చెప్పింది.

"ఏం జేస్తనమ్మా. ఆయనకు నోటికొచ్చిన ఫోన్ నంబర్ నాదొక్కటే. అది మార్చలె. క్వార్టర్ పోతే కిరాయికి దగ్గర్లనే సూసుకున్న. పాత క్వార్టర్ల దిగినోళ్లకు మా ఇల్లు సూపెట్టి వచ్చిన. దూరం ఊర్లె వేరే హాస్టల్ల పని దొరికింది, జీతం ఎక్కువ, పోలె. ఊరికి పోతే పక్కింటామెకు తాళం ఇచ్చి, ఆయన వస్తే కూసోబెట్టుమని చెప్పి పోత. బస్టాండ్ల చాయ్ హోటలాయనకు చెప్పి పెట్టిన. నేను లేనని తిరిగి పోవద్దు గదమ్మా."

"ఇన్నేళ్లలో ఒక్క ఫోనైనా వచ్చిందా?"

"రాలేదు."

"ఎక్కడైనా చూశామని ఎవరన్నా చెప్పారా?"

"లేదు."

"ఆయనకు మీతో గానీ ఇంట్లో గానీ గొడవ ఉందా?"

"లేదమ్మా. ఈ పిల్లంటే ఆయనకు పాణం. షిఫ్ట్ దిగి రాంగనే దీన్నే అడిగేటోడు."

మేడమ్ ఒక్కొక్క మాటా ఇంగ్లీషులో చెప్పి రాయించింది. ఇక దిగండి అంది. అమ్మ దిగి వచ్చి నా పక్కన కూర్చుంది.  ఎంత కోపంలో ఉన్నా ఆమె చేతుల్ని పట్టుకోకుండా ఉండలేకపోయాను. "అబద్ధం చెప్పలేనే" అంది. తెలుసమ్మా అన్నాను.

తీర్పు రోజు మేడమ్ ఒకటి రెండు వాక్యాలే చదివింది. అవి ఇంగ్లీషులో ఉన్నాయి. మా వకీలు వెనక్కి తిరిగి తల ఊపాడు. గెలిచామట. నాకు నమ్మబుద్ధి కాలేదు. అమ్మ అంత మాట అన్నాక ఎట్లా గెలిచాం? వకీలు నవ్వాడు.

"మీ అమ్మ ఏం నమ్ముతున్నదని కాదు బిడ్డా చట్టం అడిగేది. మనిషి బతికుంటే తెలియాల్సినోళ్లకు తెలిసిందా లేదా, గంతే. కాపీ వచ్చినంక చదువు, నీకే తెలుస్తది."

కాపీ చేతికొచ్చిన రోజు అమ్మా నేనూ కోర్టు వరండాలో బెంచీ మీద కూర్చున్నాం. నేను ఇంగ్లీషు చదివి తెలుగులో చెప్తున్నాను. పోలీసు కాగితం, కంపెనీ మాట, నానమ్మ కోర్టుకు రాకపోవడం, అన్నీ వరసగా ఉన్నాయి. ఆ తర్వాత అమ్మ గురించి రాశారు. భర్త బతికే ఉన్నాడన్న సాక్షి ఆశను ఈ కోర్టు గౌరవిస్తుంది, కానీ ఆశ రుజువు కాదు. ఆమె ఫోన్ నంబర్ మార్చకుండా, ఇల్లు దూరం పోకుండా, తెలిసినవాళ్లందరికీ చెప్పిపెట్టి ఎదురుచూసింది. ఆయన బతికి ఉంటే ఆ కబురు అందరికంటే ముందు ఈమెకే చేరేది. ఇన్నేళ్లలో చేరలేదు. కాబట్టి ఆయన మరణించినట్టు ప్రకటిస్తున్నాం.

నేను చదవడం ఆపాను. అమ్మ ఆ కాగితం వైపే చూస్తోంది.

"మల్లొక్కసారి చదువు."

మళ్లీ చదివాను.

"అంటే నేను ఎదురుజూసినందుకే ఆయన లేడన్నరా?"

 "అవునమ్మా" అన్నాను.

"నేను గట్టిగ ఎదురుజూడకపోతే?"

"అప్పుడు, ఈమెకు తెలియకుండా ఎక్కడో ఉన్నాడేమో అనేవాళ్లేమో."

అమ్మ ఏడుస్తుందనుకున్నాను. ఏడవలేదు. కాగితం నా చేతిలోంచి తీసుకుని, అటూ ఇటూ తిప్పి, మడిచి సంచిలో పెట్టుకుంది. "మీ నానమ్మకు చెప్పాలె. వేరేటోళ్ల నోట వినొద్దు" అంది. నాకైతే ఆ క్షణంలో ఉద్యోగం గుర్తే రాలేదు. అది తర్వాత వచ్చింది, ఇప్పటికీ చేస్తున్నాను, అమ్మ గంజులు దించడం మానేసింది. కానీ ఆ బెంచీ మీద మాత్రం, నాన్న లేడని నాకు మొదటిసారి నిజంగా తెలిసింది. అమ్మ మీద అన్నేళ్లుగా ఉన్న కోపం ఎటు పోయిందో పోయింది.

టేకులపల్లి బస్సు పట్టుకున్నాం. దిగి, ఆటో పోయినంత దూరం పోయి, తర్వాత నడిచాం. దారిలో నానమ్మకు ఎట్లా చెప్పాలా అని నాలో నేను మాటలు కూర్చుకుంటున్నాను. అమ్మ గబగబా ముందు నడుస్తోంది. నానమ్మ ఇంటి ముందు మంచం మీద కూర్చుని తునికాకు కట్టలకు తాళ్లు పేనుతోంది. మమ్మల్ని చూడగానే పని ఆపేసింది.

"ఏమన్నరే కోర్టుల?"

నేను నోరు తెరవబోయాను. అమ్మ నన్ను దాటి వెళ్లి మంచం పక్కన కింద కూర్చుంది.

"నేను మంచిగనే ఎదురుజూసిన్నట అత్తా. కోర్టుల గట్ల రాసిర్రు."

నానమ్మ ఆమె మొహంలోకి చూసింది. తర్వాత తాళ్లు పక్కన పెట్టి, అమ్మ తల మీద చెయ్యి వేసింది.

"అవ్ బిడ్డా, జూసినవ్. ఇగ సాలు" అని, కొడుకు పేరు పెట్టి పిలుస్తూ ఏడ్వసాగింది.